బజారు నుంచి వంటింటి దాకా: ఉజ్బెకిస్తాన్‌లో సెప్టెంబరు రోజులు

తాష్కెంట్, బుధవారం

ఢిల్లీ నుంచి సుమారు మూడు గంటల విమాన ప్రయాణంలో తాష్కెంట్ చేరుకోవచ్చు. ఉజ్బెకిస్తాన్ అనగానే మనకు సమర్‌కంద్ నీలి గుమ్మటాలు, తైమూరు కాలపు కట్టడాలు గుర్తుకు వస్తాయి. వాటిని గురించి ఇప్పటికే ఎందరో రాశారు. నా స్నేహితురాలూ నేనూ మాత్రం హోటళ్లలో కాక అతిథులకు గదులిచ్చే కుటుంబాల దగ్గర బస చేయాలని, ఏ ఊరు వెళ్లినా ముందు అక్కడి బజారుకు, ఆ తరువాత ఆ ఇంటివారి వంటగదికి వెళ్లాలని నిశ్చయించుకుని బయలుదేరాం. సెప్టెంబరును ఎంచుకున్నదీ అందుకే. ఖర్బూజాలు, ద్రాక్ష, అంజూరాలు బజారులో నిండుగా ఉండే నెల అది. వేసవి ఎండ తగ్గి పెరట్లో పొయ్యి దగ్గర గంటల తరబడి నిలబడగలిగే నెల కూడా అదే.

1966 ఏప్రిల్ 26న వచ్చిన భూకంపంలో తాష్కెంట్ చాలా భాగం దెబ్బతిన్నది. వెడల్పయిన వీధులతో ఈనాడు కనిపించే నగరం చాలావరకు ఆ తరువాత సోవియట్ ప్రభుత్వం కట్టించినదే. అయినా పాత నగరపు మట్టిగోడల సందులు కొన్ని మిగిలాయి. వాటి పక్కనే, శతాబ్దాలుగా సంత జరిగిన చోటులోనే, చోర్సూ బజారు ఉంది. దాని మీది పెద్ద నీలి గుమ్మటం 1980 ప్రాంతంలో కట్టినది. మెట్రో స్టేషన్ నుంచి బయటికి రాగానే ఎదురుగా కనిపిస్తుంది.

గుమ్మటం కింద ఒక వలయంలో మాంసం, మరో వలయంలో పాలు, పెరుగుల సరుకు ఉన్నాయి. మాంసం దుకాణాల్లో గొర్రె తోక కొవ్వును విడిగా, తెల్లని దిమ్మలుగా పేర్చి అమ్ముతారు. దాన్ని దుంబా అంటారు. గుర్రపు మాంసంతో చేసే ఖజీ కూడా అక్కడే దొరుకుతుంది. పాలవైపు వెళితే వడగట్టిన చిక్కని పెరుగు సుజ్మా, మీగడ ఖైమోఖ్, పెరుగును ఉప్పుతో కలిపి ఉండలు చేసి ఎండబెట్టిన ఖుర్త్ వరుసగా ఉంటాయి. ఖుర్త్ ఉండను చాలాసేపు నోట్లో నానబెట్టుకోవాలి. అంతగా ఉప్పగా, పుల్లగా ఉండే పదార్థాన్ని గొర్రెలకాపరులు నెలల తరబడి వెంట ఉంచుకునేవారంటే ఆశ్చర్యం కలగదు. పై అంతస్తులో ఎండు ద్రాక్ష, ఆప్రికాట్లు, వాటి గింజలు, అక్రోట్లు, జీలకర్ర, పటికబెల్లాన్ని పోలిన నవ్వోత్ గుట్టలు గుట్టలుగా పోసి ఉన్నాయి. ఏ దుకాణం ముందు ఆగినా రుచి చూడమని ముందు చేతిలో పెడతారు. అడగకుండా పెట్టినది తిన్నందుకు కొనాలన్న ఒత్తిడి ఎవరూ పెట్టలేదు.

సలాడ్లు అమ్మే వరుసలో నిలబడిన స్త్రీలు కొరియా సంతతివారు. 1937లో స్టాలిన్ ప్రభుత్వం సోవియట్ తూర్పు తీరంలోని కొరియన్లను అందరినీ రైళ్లలో ఎక్కించి ఉజ్బెకిస్తాన్, కజకిస్తాన్ మైదానాలకు తరలించింది. తమకు అలవాటైన క్యాబేజీ దొరకని చోట వాళ్లు క్యారెట్‌ను సన్నగా దారాల్లా తరిగి వెల్లుల్లి, మిరప, ధనియాలు, వెనిగర్ పట్టించి ఊరబెట్టారు. ఈ రోజున ఆ క్యారెట్ పచ్చడి లేని ఉజ్బెక్ విందు అరుదు. అంత పెద్ద దుఃఖాన్ని దాటుకుని వచ్చిన వంటకాన్ని ఈ బజారులో రోజువారీ సరుకుగా చూడడం నన్ను చాలాసేపు అక్కడే నిలబెట్టింది.

తాష్కెంట్, గురువారం

తాష్కెంట్ ఇళ్లలో గురువారం, ఆదివారం ఓష్ వండుకునే వారాలని మా ఆతిథేయులు చెప్పారు. ఓష్ అంటే పలావు; పలోవ్ అని కూడా అంటారు. 2016లో యునెస్కో ఈ వంట సంప్రదాయాన్ని మానవాళి అమూర్త వారసత్వ జాబితాలో చేర్చింది. ఇంటి యజమానిని అకా అని, ఆయన భార్యను ఓపా అని పిలవమన్నారు. అన్నకూ అక్కకూ వాడే ఆ పిలుపులే అక్కడ పరిచయమైన పెద్దలకు గౌరవ వాచకాలు.

ఉదయం ఏడు గంటలకే అకా మమ్మల్ని బజారుకు తీసుకువెళ్లారు. ఆయన కొనే తీరును చూడడమే ఒక పాఠం. బియ్యం, క్యారెట్, మాంసం సమానమైన తూకంలో ఉండాలన్నది ఆయన పాటించే లెక్క. క్యారెట్లలో ఎర్రవాటితో పాటు పసుపుపచ్చవి ఎక్కువగా తీసుకున్నారు. పచ్చవాటిలో తీపి తక్కువ, ఉడికినా ముక్క విడిపోదు. జీలకర్రను వేళ్ల మధ్య నలిపి వాసన చూసి, మూడో దుకాణంలో గాని కొనలేదు. ఉల్లి, పొట్టు తీయని వెల్లుల్లి గడ్డలు, శనగలు, ఎండు ద్రాక్ష తీసుకుని ఇంటికి వచ్చేసరికి పెరట్లో పొయ్యి రాజుకుని ఉంది.

ఖొజోన్ అనే మందపాటి లోతైన ఇనుప మూకుడులో పత్తిగింజల నూనె పోసి, పొగ వచ్చేదాకా కాచారు. దుంబా ముక్కలను అందులో కరిగించి, మిగిలిన కరకరలాడే తునకలను తీసి ఉప్పు చల్లి మాకు అందించారు. ఆ తరువాత ఉల్లి, పెద్ద ముక్కలుగా కోసిన మాంసం వేసి ముదురు రంగు వచ్చేదాకా వేయించి, క్యారెట్‌ను పరిచి, నీళ్లు పోసి, జీలకర్ర, శనగలు, వెల్లుల్లి గడ్డలు, ఎండు మిరపకాయలు వేశారు. ఈ దశలో దాన్ని జిర్వాక్ అంటారు. ఓష్ మంచిచెడ్డలు జిర్వాక్‌లోనే తేలిపోతాయని, బియ్యం వేసిన తరువాత చేయగలిగింది కొంచెమేనని అకా అన్నారు. దాదాపు గంటసేపు సన్నని మంట మీద అది మరుగుతుండగా ఆయన ఒక్కసారి కూడా కలపలేదు. కడిగి నానబెట్టిన బియ్యాన్ని పైన సమంగా పరిచి, మంట పెంచి, నీరు ఇంకిన తరువాత మధ్యకు గుట్టగా పోగుచేసి, కర్రతో అడుగుదాకా కన్నాలు చేసి, మూతపెట్టి అరగంట దమ్ములో ఉంచారు. మన హైదరాబాదు బిర్యానీలో ఆవిరిని బంధించే దశకు ఇది దగ్గరి చుట్టం. అయితే మసాలా విషయంలో రెండూ రెండు దారులు పట్టాయి: ఇక్కడ జీలకర్ర ఒక్కటే ముందుకు వస్తుంది, మిగిలినదంతా క్యారెట్ తీపి, కొవ్వు, ఓర్పు.

ఈ వంటలో పేరు పురుషులది. పెళ్లిళ్లలో వందలమందికి ఓష్ వండే ఓష్‌పజ్‌లు మగవారే. పెళ్లి సందర్భంలో తెల్లవారుజామునే మగవారికి పెట్టే ఓష్ విందుకు ఊరంతా కదిలివస్తుంది. కాని ఆ రోజు కిలోన్నర క్యారెట్లను తురుముపీట మీద కాక కత్తితో అగ్గిపుల్లల మందాన తరిగినది ఓపా, ఆమె కోడలు. బియ్యం ఏరినదీ, టొమాటో, ఉల్లిని కాగితమంత పలుచగా కోసి అచ్చిచూక్ అనే సలాడ్ చేసినదీ, తినడం అయ్యాక నెయ్యిలా పేరుకున్న కొవ్వును గిన్నెల నుంచి వదిలించినదీ వాళ్లే. ఇది చూసిన తరువాత, మిగిలిన ఊళ్లలో స్త్రీలు ప్రతిరోజూ చేసే వంట దగ్గరే ఎక్కువసేపు కూర్చోవాలని అనుకున్నాను.

పెద్ద లగాన్ పళ్లెంలో అన్నం గుట్టగా పోసి, దాని మీద మాంసం, వెల్లుల్లి గడ్డలు అమర్చి, దస్తర్‌ఖోన్ మధ్యలో పెట్టారు. దస్తర్‌ఖోన్ అంటే భోజనాల గుడ్డ; దాన్ని దాటుకుని నడవడం, దాని మీద కాలు పెట్టడం తగని పని. అందరూ ఒకే పళ్లెం నుంచి తమవైపు భాగాన్ని తింటారు. అకా చేత్తోనే తిన్నారు. నేనూ చేత్తో కలుపుకోవడం చూసి ఆయన తల్లి సంతోషంతో నా వైపు మరింత మాంసం జరిపారు. భోజనం ముగిశాక ఆ పెద్దావిడ అరచేతులు చాచి ప్రార్థన చెప్పి, ముఖం మీదుగా చేతులు దించుకుని ఓమిన్ అన్నారు. ఆ తరువాత ఇక ఎవరూ పళ్లెంలో చెయ్యి పెట్టరు.

మార్గిలాన్, ఆదివారం

శనివారమంతా ప్రయాణంలోనే గడిచింది. 2016లో ప్రారంభమైన 19 కిలోమీటర్ల ఖమ్చిక్ సొరంగం గుండా రైలు కొండలను దాటి ఫెర్గానా లోయలోకి దిగుతుంది. బాబరు పుట్టిన అందిజాన్ ఈ లోయలోనిదే. హిందూస్థానంలో మంచి ఖర్బూజాలు, ద్రాక్ష లేవని ఆయన రాసుకున్న మాట, ఈ లోయ పండ్లను తిన్న తరువాత ఫిర్యాదుగా కాక బెంగగా వినిపిస్తుంది.

మార్గిలాన్ శివార్లలోని కుమ్‌తెపా సంత గురువారం, ఆదివారం జోరుగా సాగుతుంది. ఇక్కడ పర్యాటకులు తక్కువ, పల్లెల నుంచి వచ్చే కుటుంబాలు ఎక్కువ. బియ్యం వరుసలో దేవ్‌జిరా రకం కోసం వెళ్లాం. ఎర్రటి ధూళి పట్టిన మోటు గింజ అది. అమ్మే పెద్దాయన గుప్పెడు తీసి అరచేతుల మధ్య రుద్ది, అంటుకున్న ఎర్రపొడిని చూపించారు. నిల్వ ఉంచే కొద్దీ విలువ పెరిగే ఈ బియ్యం నీటినీ కొవ్వునూ బాగా పీల్చుకుంటుంది కాబట్టి, ఫెర్గానా ఓష్ తాష్కెంట్ ఓష్ కన్నా ముదురు రంగులో, బరువుగా ఉంటుంది. పాత బియ్యానికి ధర ఎక్కువ ఎందుకో తెలుగువారికి వేరే చెప్పవలసిన పని లేదు. ఆ పెద్దాయనకు మా ఇళ్లలోనూ అంతేనని చెప్పించినప్పుడు, ఆయన సంచి అడుగు నుంచి ఇంకా పాతవి తీసి చూపించారు.

వంటల వరుసలను దాటితే పట్టుబట్టల వరుస. అద్లాస్, అద్రాస్ అనే ఇక్కడి ఇకత్ వస్త్రాలను స్త్రీలు చేతుల మీదే వేసుకుని అమ్ముతున్నారు. భూదాన్ పోచంపల్లి, పుట్టపాక నేతను ఎరిగిన కంటికి ఆ అంచులు చెదిరిన రంగులు వెంటనే చుట్టరికం కలుపుతాయి. తేడా కూడా వెంటనే తెలుస్తుంది: ఇక్కడ పడుగు దారాలకు మాత్రమే ముడులు కట్టి రంగు అద్దుతారు, పుట్టపాక తేలియా రుమాలులో పడుగు, పేక రెండింటికీ కట్టి అద్దుతారు. సోవియట్ కాలంలో పెద్ద మిల్లుల ఉత్పత్తి ముందు వెనుకబడిన ఈ చేతి పనిని మళ్లీ నేర్పుతున్న మార్గిలాన్ హస్తకళల కేంద్రం కృషిని 2017లో యునెస్కో గుర్తించింది. సంతకు వచ్చిన స్త్రీలలో చాలామంది ఒంటి మీద ఈ బట్టే ఉంది.

మధ్యాహ్నం రిష్తాన్ వెళ్లాం. తాష్కెంట్‌లో మా ముందు పెట్టిన లగాన్ పళ్లెం వంటివి ఈ ఊళ్లో తయారవుతాయి. ఎడారి మొక్కలను కాల్చిన బూడిదతో చేసే ఇష్కోర్ అనే పూత వల్ల ఆ పళ్లేలకు లోతైన నీలం, ఆకుపచ్చ మెరుపు వస్తుంది. మేం వెళ్లిన కుమ్మరి ఇంట్లో అమ్మకానికి పెట్టిన పళ్లేలూ, మాకు ద్రాక్ష తెచ్చి పెట్టిన పళ్లెమూ ఒకే చేతి పని.

సమర్‌కంద్, మంగళవారం

తాష్కెంట్ నుంచి అఫ్రోసియోబ్ అనే వేగపు రైలు రెండు గంటలకు కాస్త పైన సమర్‌కంద్ చేరుస్తుంది. సియోబ్ బజారు, 1399–1404 మధ్య తైమూరు కట్టించిన బీబీ ఖానుమ్ మసీదు గోడ పక్కనే ఉంది. ఆ మసీదు గుమ్మటం కింద పది నిమిషాలు నిలబడ్డాం. మిగిలిన పొద్దంతా రొట్టెల దగ్గరే గడిపాం.

రొట్టెను నోన్ అంటారు. సమర్‌కంద్ నోన్ మందంగా, బరువుగా, పైన మెరుస్తూ ఉంటుంది. రోజుల తరబడి పాడుకాదు. నగర శివారులోని గలా ఓసియో రొట్టెలకు ప్రత్యేకమైన పేరుంది. పూర్వం ఒక పాలకుడు సమర్‌కంద్ నోన్ రుచికి ముగ్ధుడై ఆ ఊరి రొట్టెలవాడిని, పిండిని, నీటిని తన నగరానికి రప్పించుకున్నా ఆ రుచి రాలేదని, సమర్‌కంద్ గాలి ఇక్కడ లేదని ఆ రొట్టెలవాడు జవాబిచ్చాడని ఒక కథ బజారులో ఎవరిని అడిగినా చెబుతారు.

మా ఆతిథేయి చెల్లెలి ఇంటి పెరట్లో తందీర్ అనే మట్టి పొయ్యి ఉంది. పిండిని రాత్రే కలిపి పులియబెట్టారు. గుండ్రంగా ఒత్తిన రొట్టె మధ్యభాగం పొంగకుండా చెకిచ్ అనే ముళ్ల అచ్చుతో చిల్లులు పొడిచారు. ఒక్కో ఇంటి చెకిచ్‌లో ఒక్కో పువ్వు. మీద నల్లజీలకర్ర, నువ్వులు చల్లి, రపీదా అనే దళసరి దిండు మీద రొట్టెను పరిచి, తలగుడ్డ బిగించుకుని, మోచేతుల వరకు బట్ట తొడుగుకుని, ఆమె తందీర్ లోపలికి వంగి గోడకు అంటించారు. ఆ వేడి ముందు నేను రెండు అడుగుల దూరంలో నిలబడలేకపోయాను. ఆమె వరుసగా ఇరవై రొట్టెలు అంటించారు.

నోన్‌ను కత్తితో కోయరు, చేత్తోనే తుంచుతారు. బోర్లా పెట్టరు. కింద పడిన ముక్కను తీసి ఎత్తయిన చోట పక్షులకు ఉంచుతారు. ఇంటి కుర్రవాడు సైన్యానికో దూరదేశానికో వెళ్లేటప్పుడు ఒక రొట్టె అంచు కొరికించి, దాన్ని గోడకు వేలాడదీసి, అతడు తిరిగి వచ్చేదాకా భద్రపరుస్తారు. ఆ ఇంట్లో అలాంటి రొట్టె ఒకటి ఉంది. రష్యాలో పనికి వెళ్లిన కొడుకుదని చెప్పి, దాని మీది ధూళిని ఆమె కొంగుతో తుడిచారు.

సమర్‌కంద్, బుధవారం

ఈ రోజు బజారుకు మేం స్త్రీలతోనే వెళ్లాం. గుమ్మడికాయ, ఉల్లి, సుజ్మా కొన్నారు. దారిలో మిరపకాయలు ఏరుతూ తెలుగులో మాట్లాడుకుంటున్న ఇద్దరు అమ్మాయిలు ఎదురయ్యారు. వైద్యవిద్య కోసం మన రాష్ట్రాల నుంచి ఇక్కడికి వచ్చి చదువుతున్న పిల్లలు. ఇక్కడి ఎండుమిర్చిలో కారం చాలదని, ఇంటి నుంచి తెచ్చుకున్న గుంటూరు కారంలో ఇక్కడి మిర్చిని కలిపి ఎక్కువ రోజులు వచ్చేలా చేసుకుంటున్నామని చెప్పారు.

వంట మంతీ. పలుచగా వత్తిన పిండి చతురస్రాల్లో కూర పెట్టి, నాలుగు కొసలూ కలిపి ముడివేసి, చిల్లుల పళ్లేలను అంతస్తులుగా పేర్చిన పాత్రలో ముప్పావు గంట ఆవిరి మీద ఉడికిస్తారు. మాంసపు మంతీలతో పాటు, నా స్నేహితురాలు శాకాహారి కావడంతో, గుమ్మడికాయవి కూడా చేశారు. శాకాహారులు ఈ దేశానికి వస్తే గుమ్మడికాయ మంతీని అడిగి చేయించుకోవాలి, దుంబా వద్దని ముందే చెప్పాలి. చెప్పకపోతే రుచి కోసం అందులోనూ వేస్తారు. అత్తగారు, ఇద్దరు కోడళ్లు, పక్కింటావిడ, మేము కూర్చుని వందకు పైగా ముడివేశాం. కోడలిని కెలిన్ అంటారు. తెల్లవారకముందే వాకిలి ఊడ్చి నీళ్లు చల్లడం, వచ్చినవారికి టీ పోయడం ఆమె బాధ్యత. ఆ మాట వినగానే మన పల్లె వాకిళ్లు కళ్లముందు మెదిలాయి. చిన్న కోడలు ఇంగ్లీషు చదువుకున్నది. మా మాటలన్నిటికీ ఆమే దుబాసీ. తనకు పాఠశాలలో చెప్పాలని ఉందని, వచ్చే ఏడాది అత్తగారు పిల్లవాడిని చూసుకుంటానన్నారని, ముడులు వేస్తూనే చెప్పింది. అత్తగారు ఆ మాట అర్థమై తల ఊపారు.

మార్చి 21న వచ్చే నవ్‌రూజ్ పండుగకు ఇదే వాకిట్లో సుమలక్ వండుతామని వారు చెప్పారు. మొలకెత్తిన గోధుమల రసం, పిండి, నూనె తప్ప మరేమీ లేని ఆ పాయసాన్ని పెద్ద ఖొజోన్‌లో రాత్రంతా కలుపుతూనే ఉండాలి. అడుగంటకుండా లోపల చిన్న గులకరాళ్లు వేస్తారు. పంచదార వేయకపోయినా మొలకల తీపి వల్లనే అది తియ్యగా అవుతుంది. వీధిలోని స్త్రీలందరూ వంతులవారీగా వచ్చి, కలుపుతూ పాడుతూ, మనసులో ఒక కోరిక కోరుకుంటారు. ఉదయం గిన్నెలలో పోసి ప్రతి ఇంటికీ పంపుతారు. దీన్ని వర్ణించేటప్పుడు ఆ నలుగురి గొంతులోనూ, ఓష్ గురించి మాట్లాడే మగవారిలో నేను విన్న గర్వమే వినిపించింది.

మంతీల తరువాత 95 నంబరు రకం గ్రీన్ టీ వచ్చింది. టీ కూజా నుంచి పియోలా అనే చిన్న గిన్నెలో పోసి తిరిగి కూజాలో వంచడం మూడుసార్లు చేసిన తరువాతే అతిథికి పోస్తారు, అదీ సగం పియోలాయే. నిండుగా పోస్తే ఇక వెళ్లమని అర్థం. కొంచెం కొంచెంగా పోస్తే మళ్లీ మళ్లీ పోయడానికి అవకాశం ఉంటుంది. మేం చీకటి పడేదాకా కూర్చున్నాం.

బుఖారా, శుక్రవారం

బుఖారా పాత నగరంలో నాలుగు దారులు కలిసే చోట్ల 16వ శతాబ్దంలో కట్టిన గుమ్మటాల బజార్లు ఉన్నాయి. టోపీలవారికి ఒకటి, నగలవారికి ఒకటి, నాణేలు మార్చేవారికి ఒకటి. ముల్తాన్ నుంచి వచ్చిన భారతీయ వర్తకులు శతాబ్దాలపాటు ఈ నగరంలో వ్యాపారం, వడ్డీ లావాదేవీలు నడిపారు. ఇప్పుడు ఆ గుమ్మటాల కింద ఉన్నవన్నీ యాత్రికుల కోసం పెట్టిన దుకాణాలే. ఊరివారి కూరగాయల బజారు వేరే చోట ఉంది. మేం అక్కడికే వెళ్లాం. అక్కడ ఒక బస్తా నిండా పెసలు కనిపించాయి.

మోష్ అనే ఈ పెసలతో మా ఆతిథేయి ఆ మధ్యాహ్నం మోష్‌కిచిరీ చేశారు. ఉల్లి, క్యారెట్ వేయించి, పెసలు పగిలేదాకా ఉడికించి, బియ్యం వేసి మెత్తగా దగ్గరకు రానిచ్చి, పైన పెరుగు పోసి తింటారు. మన పులగానికి ఇది ఎంత దగ్గరదో, తినేటప్పుడు మా ఇద్దరికీ వేరే మాట రాలేదు. మీరు పెసలతో ఏం చేస్తారని ఆమె అడిగారు. పొద్దున చేసి చూపిస్తామని చెప్పి, రెండు గ్లాసుల పెసలు, గుప్పెడు బియ్యం రాత్రికి నానబెట్టాం.

శనివారం ఉదయం అల్లం, పచ్చిమిర్చి, జీలకర్ర వేసి రుబ్బి, వాళ్ల ఇనుప పెనం మీదే పెసరట్లు పోశాం. పప్పు రుబ్బి పలుచగా పరిచి కాల్చడం వారికి కొత్త. జీలకర్ర వాసన మాత్రం సొంతం. పచ్చడికి బదులు సుజ్మా నంజుకున్నారు. ఆమె రెండో అట్టు మీద ఉల్లి, కొత్తిమీర తరిగి చల్లమన్నారు. మేమూ అలాగే చేస్తామని చెబితే చాలా తృప్తిపడ్డారు. పెద్ద కోడలు కొలతలన్నీ ఫోనులో రాసుకుంది. సాయంత్రం మేం రైలుకు బయలుదేరే సమయానికి ఆమె అత్తగారు మరో గిన్నె పెసలు నానబెట్టి ఉంచారు. మర్నాడు ఉదయం వియ్యపురాలిని భోజనానికి పిలిచారట.